నా మీద జరిగిన వంటావార్పు

పొద్దున పదిన్నర వేళ మా ఆఫీసు కిటికీలోంచి పొగ లోపలికి వచ్చింది. కింద సైకిల్ షాపాయన పాత టైర్లు తగలబెడుతున్నాడేమో, నాలుగు తిడదామని తల బయట పెట్టాను. రోడ్డుకు అడ్డంగా మూడు ట్రైసైకిళ్లు నిలిపి ఉన్నాయి. వాటి మధ్యలో మూడు రాళ్ల పొయ్యి, పొయ్యి మీద పెంక, పక్కన జొన్నపిండి మూట, నీళ్ల బిందె. చుట్టూ పది పన్నెండు మంది. పొయ్యి ముందు చూపు లేని ఒక పెద్దాయన కూర్చుని తాపీగా పిండి తడుపుతున్నాడు. ట్రైసైకిల్ మీదున్న ఒకాయన మా కిటికీ వైపు వేలు చూపించి కేకేశాడు.

"అగో, తల బయటికొచ్చింది! సారూ, కిందికి రా. ఈ వంటావార్పు నీకే!"

కొత్తగా ఈ విలేకరి వృత్తిలోకి వచ్చిన పిల్లలకు ఒక మాట చెప్పాలి. ధర్నా లాగా, రాస్తారోకో లాగా వంటావార్పు కూడా ఒక నిరసన. ఎవరి మీద కోపమో వాళ్ల ఆఫీసు ముందు పొయ్యి పెట్టి, అక్కడే వండి, అక్కడే తిని లేస్తారు. అంగన్‌వాడీ అక్కలు చేస్తారు, మున్సిపాలిటీ కార్మికులు చేస్తారు, విద్యార్థి సంఘాలు చేస్తాయి. వనపర్తి, గద్వాల, నాగర్‌కర్నూల్ మూడు చోట్లా పనిచేసిన నేను అలాంటివి లెక్కలేనన్ని రాశాను. చివరికి వెళ్లి చూడకుండానే రాయగలిగేంత ఆరితేరాను. సంఘం పేరు, డిమాండ్ ఏమిటో ఫోన్లో చెబితే చాలు, మిగతాది నా కలమే రాసుకునేది. కానీ ఒక పత్రిక ఆఫీసు ముందు, ఒక విలేకరి మీద వంటావార్పు జరగడం అంతకుముందు వినలేదు. ఆ తర్వాతా వినలేదు.

వాళ్లు ప్రభుత్వ వికలాంగుల గృహంలో ఉండేవాళ్లు. ఇప్పుడు మాట మారింది, అప్పుడు అందరం ఆ మాటే వాడేవాళ్లం. ఆ హోం ఏ ఊళ్లో ఉందో చెప్పను. నేను చెప్పిన మూడు ఊళ్లలో ఒకటి అనుకోండి. అయినవాళ్లు లేని మగవాళ్లు, ఉన్నా ఇంట్లో చోటు దొరకని మగవాళ్లు పాతిక మందికి పైగా అక్కడ ఉండేవాళ్లు. వాళ్లు మా ఆఫీసు దాకా రావడానికి కారణం, అంతకు నెలన్నర కిందట నేను రాసిన ఒక వార్త.

ఆ వార్త సంగతి ముందు చెప్పాలి. డిసెంబర్ మొదటి వారంలో వికలాంగుల దినం వస్తుంది. దానికి జిల్లా పేజీలో పెట్టడానికి ఏదైనా మనసు కరిగే కథనం కావాలని పాలమూరు డెస్క్ నుంచి ఫోన్. డెస్క్ అంటే మేం పంపిన వార్తలు దిద్ది, శీర్షికలు పెట్టేవాళ్లు. సాయంత్రం నాలుగింటి బస్సుకు కవరు అందించాలి. అప్పటికి మధ్యాహ్నం రెండయింది. కెమెరా మెడలో వేసుకుని బండి మీద హోంకు పోయాను.

వెళ్లేసరికి వంటగదిలో పని జోరుగా ఉంది. చూపు లేని పెద్దాయన బండ మీద జొన్నరొట్టె కొడుతున్నాడు. రెండు కాళ్లూ పోలియోతో చచ్చుబడిన ఒకాయన చక్రాల పీట మీద నేలంతా తిరుగుతూ, పప్పు గిన్నె ఈడ్చుకుంటూ, అందరినీ అదిలిస్తున్నాడు. మాట, వినికిడి లేని ఇంకొకాయన పెంక ముందు నిలబడి రొట్టెలు తిప్పుతున్నాడు. నా కళ్లకు ఘోరం కనిపించింది. ఫొటో తీశాను. కొంచెం కిందికి వంగి, మంట సరిగ్గా పెద్దాయన ముఖం పక్కనే ఉన్నట్టు తీశాను. నిజానికి మంట మూరెడు అవతల ఉంది.

వార్డెన్ పెద్దమందడి నుంచి రోజూ బస్సులో వచ్చే నెమ్మదైన మనిషి. నన్ను చూడగానే టీ గ్లాసు కింద పెట్టి లేచి నిలబడ్డాడు.

"వంట ఎవరు చేస్తరు సార్ ఇక్కడ?" అన్నాను.

"వంటాయన రిటైరైపోయిండు సార్. పోస్టు ఖాళీ ఉంది. పైకి రాసినం."

"అందుకని వీళ్లతో చేయిస్తున్నరా?"

ఆయన నేల చూశాడు. నేల చూశాడంటే ఒప్పుకున్నట్టే అని రాసుకున్నాను. పోయేముందు పెద్దాయన దగ్గర ఆగి, "మంట తగలదా తాతా?" అని అడిగాను. ఆయన నవ్వి, "మంట యాడుందో నీకన్న నాకే బాగ తెలుసు సారూ, నా ముఖానికి సెగ తెలుస్తది గద" అన్నాడు. ఆ మాట నోట్‌బుక్‌లో ఎక్కించాను. వార్తలో ఎక్కించలేదు. మనసు కరిగే కథనానికి అది పనికిరాదనిపించింది. మొత్తం ఇరవై నిమిషాలు ఉన్నానేమో.

రెండో రోజు పేజీ పైభాగాన నా ఫొటో పెద్దగా వచ్చింది. డెస్క్‌లో ఎవరో బాగా రాసేవాడు శీర్షిక పెట్టాడు: 'చూపు లేని బతుకులకు నిప్పుతో చెలగాటం'. చదివి నాకే కళ్లలో నీళ్లు తిరిగాయి. నాలుగో రోజుకు అధికారులు కదిలారు. వార్డెన్‌కు మెమో ఇచ్చారు. సిబ్బంది కానివాళ్లెవరూ వంటగదిలోకి పోకూడదని జిల్లా ఆఫీసు నుంచి ఉత్తర్వు వచ్చింది. కొత్త వంటాయన వచ్చేదాకా బయటినుంచి క్యాన్లలో అన్నం, సాంబారు తెప్పించే ఏర్పాటు చేశారు. మేం మళ్లీ చుట్టూ గీతలతో డబ్బా కట్టి 'మా కథనానికి స్పందన' అని వేసుకున్నాం. ఆ రెండు కటింగులూ మా ఇంట్లో గోడకు అంటించి, వచ్చినవాళ్లకల్లా చూపించాను. నా భార్య ఒక్కతే, "మరి వాళ్లేమన్నరు?" అని అడిగింది. ఎవరు వాళ్లు అన్నాను. "రొట్టెలు చేసేటోళ్లు" అంది. వాళ్లదేముంది, సంతోషించి ఉంటారు అన్నాను.

వాళ్లేమన్నారో నెలన్నర తర్వాత మా ఆఫీసు కింద వినిపించింది.

నేను మెట్లు దిగి వచ్చేసరికి జనం మూగారు. ట్రైసైకిల్ మీదున్నాయన వంటగదిలో చక్రాల పీట మీద నేను చూసినాయనే. కొత్తకోట హైవే పక్కన ధాబాలో పదిహేనేళ్లు కూరలు తరిగి, మసాలాలు నూరి, చివరికి పొయ్యి దగ్గర ఉస్తాద్ అయినవాడు. ధాబా మూతపడి, చూసుకుంటున్న అక్క చనిపోయాక హోంకు వచ్చాడు. అందరూ ఉస్తాద్ అనే పిలిచేవాళ్లు. నోరు కూడా ధాబా నోరే, లారీల హారన్లను దాటి వినిపించాలి కదా.

"ఏం పాపం చేసినం సార్ నీకు?" అన్నాడు ఉస్తాద్. "మా వంటింటికి తాళం ఏయించినవు."

"నేను మీ మంచికే..."

"మంచికే! కాకా, విన్నవా? మన మంచికేనంట."

రొట్టె కొడుతున్న పెద్దాయన తలెత్తలేదు. ఆయనది గద్వాల దగ్గరున్న గట్టు అనే ఊరికి అవతల, కర్ణాటక అంచున ఒక పల్లె. మాటల్లో కన్నడం దొర్లేది, వద్దు అనడానికి బేడ అనేవాడు. "బేడప్పా, ఆయనతోటి కొట్లాట బేడ," అన్నాడు. "పొయ్యి ముట్టిచ్చినం గద, కూసొని తినమను. తింటె తెలుస్తది."

ఇంతలో కానిస్టేబుల్ సైకిల్ దిగి జనంలోకి తోసుకొచ్చాడు.

"ఏందయ్యా ఇది? ఏ సంఘం మీది?"

"సంఘం లేదు సార్," అన్నాడు ఉస్తాద్.

"సంఘం లేకుంట వంటావార్పా? సరే, డిమాండ్ ఏంది?"

"మమ్మల్ని వంట చేసుకోనియ్యాలె."

కానిస్టేబుల్ పొయ్యి వైపు చూశాడు, పెంక మీద పొంగుతున్న రొట్టె వైపు చూశాడు. "చేసుకుంటనే ఉన్నరు గదా?"

"ఈడ చేసుకుంటున్నం. మా ఇంట్ల చేసుకోనిస్తలేరు."

"ఎవరు చేసుకోనిస్తలేరు?"

ఉస్తాద్ నన్ను చూపించాడు. పాతిక ముప్ఫై తలలు ఒక్కసారి నా వైపు తిరిగాయి. అందులో అవతలి పత్రిక విలేకరి తల కూడా ఉంది. మేమిద్దరం రోజూ ఒకే హోటల్లో టీ తాగేవాళ్లం. "అన్నా, జర ఇటు తిరుగు," అని అతను కెమెరా ఎత్తాడు. నేను అటు తిరిగాను. జనం ఉన్న ఫొటోలో మధ్యలో నిలబడటం నాకు అదే మొదటిసారి.

ఇక చేసేదేమీ లేక పొయ్యి పక్కన నేల మీద కూర్చున్నాను. ఎవరో నా చేతిలో రొట్టె, దాని మీద పుంటికూర పప్పు పెట్టారు. తింటూ విన్నాను. ఆ మొదటి రోజే విని ఉండాల్సినవన్నీ ఆ రోజు విన్నాను.

వంటాయన రిటైరయ్యాక ఆర్నెల్లు వాళ్లు అటెండరు ఉడికించిన ముద్దన్నం తిన్నారు. ఒక రోజు ఉస్తాద్ చక్రాల పీట మీద వంటగదిలోకి దూరి, గరిటె లాక్కున్నాడు. వార్డెన్ అడ్డు చెప్పలేదు. మెల్లగా తాళంచెవి ఉస్తాద్ మెడలో చేరింది. ఆ తర్వాత ఎవరికి ఏది చేతనైతే అది. చేతులు బాగున్నవాళ్లు కూరలు తరుగుతారు, ఒక చెయ్యే ఉన్నాయన నీళ్లు పడతాడు, నడవగలిగినవాళ్లు బజారుకు పోతారు. గట్టు పెద్దాయన పిండిని రెండు వేళ్ల మధ్య రాచి, కొత్త జొన్నలో పాతవో చెబుతాడు. బండ మీద రొట్టె కొడుతుంటే వచ్చే చప్పుడును బట్టి ఎక్కడ మందంగా ఉందో ఆయనకు తెలుస్తుంది. పెంక దగ్గర నిలబడేవాడికి చెవులు వినబడవు, ఈయనకు కళ్లు కనబడవు. రొట్టె తయారైతే ఈయన బండ మీద అరచేత్తో రెండు దెబ్బలు వేస్తాడు. బండకు కాలు ఆనించి నిలబడ్డ ఆయనకు ఆ అదురు తెలుస్తుంది. వంగి రొట్టె అందుకుంటాడు. ఇద్దరి మధ్యా ఏళ్ల తరబడి నడిచిన మాటలన్నీ అవే.

అన్నానికి గంట కొట్టేది కూడా చెవులు వినబడని ఆయనే. గోడ గడియారాన్ని వదలకుండా చూసేది ఆయనొక్కడేనట. అందరికీ వినబడిందో లేదో అన్న అనుమానంతో ఊళ్లో సగం మంది లేచేలా కొట్టేవాడు.

అధికారి తనిఖీకి వచ్చే రోజున మాత్రం రొట్టెలు ఉండేవి కావు. గోడ మీద బోర్డులో ఏ వారానికి ఏ కూర అని రాసి ఉందో అదే వండి, అదే తిని, ఆయన పోయాక తిట్టుకునేవాళ్లు. పాలమూరు మనిషికి వారమంతా సాంబారు రాసినవాడు ఏ ఊరివాడో అని మూడేళ్లుగా పందెం నడుస్తోందట.

"ఇప్పుడేముంది సార్," అన్నాడు ఉస్తాద్. ఆ మాట మాత్రం మెల్లగా అన్నాడు. "పొద్దున లేస్తం. చూపు లేనోళ్లు తాడు పట్టుకొని స్నానానికి పోతరు. మేం పీటల మీద పోతం. వచ్చి మంచాల మీద కూసుంటం. ఒంటి గంటన్నరకు ఆటోల క్యాన్లొస్తయి. తింటం. మల్ల మంచాల మీద కూసుంటం. రాత్రికి మల్ల క్యాన్లొస్తయి. నీకు తెల్వదు సార్, కాకా ఇరవై రోజులాయె, మంచం దిగి బయటికే వస్తలేడు. ఏం చెయ్యమంటవ్ అంటడు. ఇయ్యాల పొయ్యి పెడ్తున్నమంటేనే లేచిండు."

నేను గట్టు పెద్దాయన వైపు చూశాను. ఆయన రొట్టె కొడుతూ నవ్వుతున్నాడు. పక్కనున్న సైకిల్ షాపాయనతో జొన్నల గురించి వాదన పెట్టుకున్నాడు. మంచం దిగని మనిషిలా లేడు. అదే నన్ను కుదిపింది. ఈయన ఇలా ఉండాలంటే ఏం కావాలో నా కళ్ల ముందే ఉంది, దాన్ని తీసేయించింది నేను.

"నువ్వు గూడ ఒకటి చెయ్యి సారూ," అన్నాడు పెద్దాయన, నా వైపు ముద్ద తోసి. కొట్టాను. నాలుగు దెబ్బలకే అంచు చీలింది.

"ఆపు, ఆపు! సాకు, ఇంక చాలు!" అన్నాడాయన. "ఎడమ దిక్కు అట్లనే ఉండిపోయింది. నీ రొట్టె నీ రాత లెక్కనే ఉంది, ఒక దిక్కే కొట్టినవు."

జనం పగలబడి నవ్వారు. ఆ రొట్టె కానిస్టేబులే తిన్నాడు. తిని, మూతి తుడుచుకుని, రోడ్డు ఖాళీ చేయమని గట్టిగా ఒక కేక వేసి, ట్రైసైకిల్ ఒకటి తానే తోసుకుంటూ పోయాడు.

ఆ సాయంత్రమే అన్నీ వివరంగా రాసి, నేను పొరపాటు చేశానని కూడా రాసి, కవరు బస్సుకిచ్చాను. గంటలోపే డెస్క్ నుంచి ఫోన్. "ఏందన్నా ఇది? మనం రాసినందుకే చర్య తీసుకున్నరు. 'స్పందన' అని మనమే డబ్బా కట్టినం. ఇప్పుడు తప్పు అంటే ఎట్ల? నాలుగు లైన్లు వివరణ ఏస్త, లోపలి పేజీల." మూడు రోజులు పోట్లాడాను. చివరికి ఎనిమిది లైన్లు వచ్చాయి, పశువుల సంత ధరల పక్కన. అవతలి పత్రికలో మాత్రం నా ఫొటో మూడు కాలమ్‌ల వెడల్పున వచ్చింది. చేతిలో రొట్టె, ముఖాన పొగ.

వివరణతో తాళం తెరుచుకోదని నాకూ తెలుసు. ఉస్తాద్‌ను వెంటబెట్టుకుని జిల్లా ఆఫీసుకు పోయాను. కండక్టరూ నేనూ కలిసి ఉస్తాద్‌ను బస్సెక్కించాం. అక్కడికి పోతే అధికారి గది పై అంతస్తులో ఉంది. మా ఆఫీసూ మేడ మీదే కదా, వాళ్లను అనే మొహం నాకు లేదు. ఉస్తాద్‌ను మెట్ల దగ్గర కూర్చోబెట్టి పైకి పోయి సంగతి చెప్పాను. అధికారి చెడ్డవాడు కాదు. విషయం తెలిసి, ఫైలు పట్టుకుని తానే కిందికి దిగివచ్చాడు.

ఫైలు తెరిచాడు. మొదటి కాగితం నా వార్తే. జిగురుతో అంటించిన నా ఫొటో, నా మంట.

"ఇది ఫైల్లో ఉన్నంత కాలం నేను సంతకం పెట్టలేను," అన్నాడు. "ఉత్తర్వు తీసేసిన తెల్లారి ఒకరికి చెయ్యి కాలిందనుకోండి. నిప్పుతో చెలగాటమని తెలిసి కూడ వంటకు పంపిండని రాసేది ఎవరు? మీరే. మీరు కాకపోతే అవతలి పత్రికల మీ దోస్తు."

దానికి జవాబు ఉస్తాద్ చెప్పాడు.

"సార్, మీ ఇంట్ల మేడంకు ఎన్నడన్న చెయ్యి కాలిందా?"

"కాలకుండ ఎట్లుంటది?"

"మరి మీ వంటింటికి తాళం ఏసిండ్రా?"

అధికారి నవ్వాడు. గుమాస్తాలు నవ్వారు. ఫైలు మూసి, గొంతు తగ్గించి, "ఉత్తర్వుల వంటగది అని ఉంది. పెరడు గురించి నేనేం రాయలేదు. ఆదివారం క్యాన్లు వద్దని వార్డెన్‌తోటి చెప్పుకోండి," అన్నాడు. సంతకం మాత్రం పెట్టలేదు. అంత నవ్వినవాడు పెడతాడనుకున్నాను. ఆఫీసుల్లో నవ్వు వేరు, సంతకం వేరు అని అన్నేళ్లు తిరిగినా నాకు అప్పటిదాకా తెలిసిరాలేదు.

ఆ ఆదివారం నుంచి పెరట్లో మూడు రాళ్ల పొయ్యి వెలిగింది. వారానికి ఒక్క రోజు. అదన్నా దక్కిందని నేను సంతోషపడితే, ఉస్తాద్ వేళ్లు మడిచి లెక్కపెట్టి, "ఇంక ఆరు రోజులున్నయి సార్," అన్నాడు. పెద్దాయన సోమవారం నుంచి మళ్లీ మంచం మీదికి పోయేవాడు, శనివారం సాయంత్రానికి లేచి పిండి అడిగేవాడు. అలా కొన్నేళ్లు బతికాడు. పోయేలోపు ఇంకో ఇద్దరికి రొట్టె కొట్టడం నేర్పాడు. వాళ్లలో ఒకాయన చూపున్నవాడు. కళ్లు మూసుకుని నేర్చుకో అని ఆయన పట్టుబట్టాడట.

నేను ఆ తర్వాత చాలా ఏళ్లు పనిచేశాను. ఎక్కడికి పోయినా, ఆఫీసరును అడిగేముందు అక్కడ ఉండేవాళ్లను అడగడం అలవాటు చేసుకున్నాను. ఈ అలవాటు వల్ల చాలా మంచి కథనాలు పాడైపోయాయి. శీర్షిక పెట్టడానికి వీలు కాకుండా తయారయ్యేవని డెస్క్ వాళ్లు విసుక్కునేవాళ్లు. మీలో ఎవరైనా అలాంటి హోంకు పోతే, జాలితో గేటు దాటకండని మాత్రం చెప్పగలను. అక్కడ ఎవరికి దేని మీద కోపముందో కనుక్కోండి. కోపం ఉన్నచోటే వాళ్ల బతుకు ఉంటుంది.

కొత్త వంటాయన వచ్చాడు, మళ్లీ ఖాళీ అయింది, ఇంకొకరు వచ్చారు. వార్డెన్లు మారినప్పుడల్లా పెరటి పొయ్యి గురించి మొదటినుంచీ చెప్పుకోవాల్సి వచ్చేది. అది నోటిమాటే కదా, కాగితం మీద లేదు. రిటైరయ్యాక ఆ పాత ఉత్తర్వును రద్దు చేయించాలని నేనే దరఖాస్తు పెట్టాను. అప్పటికి జిల్లా ముక్కలైంది. ఉత్తర్వు ఇచ్చిన ఆఫీసు ఒక జిల్లాలో, హోం ఇంకో జిల్లాలో పడ్డాయి. పాత ఆఫీసు, ఇప్పుడు ఆ హోం మా పరిధిలో లేదని రాసింది. కొత్త ఆఫీసు, ఆ ఉత్తర్వు మేం ఇచ్చింది కాదు కాబట్టి మేం రద్దు చేయలేమని రాసింది. మూడోసారి రెండు ఆఫీసులకూ కలిపి రాశాను. కిందటి నెల వచ్చిన వార్డెన్ ఆ ఉత్తర్వు చదివి, ఆదివారం పొయ్యి ఆపించాడు. నా మూడో దరఖాస్తుకు ఇంకా జవాబు రాలేదు.